కర్త లేని వాక్యాలు

"మూలలు వదిలెయ్యకు, రో. ఎల్సీ వచ్చేలోపు ఆరిపోవాలి."

నా భర్త గార్త్ ఆ మాట మామూలుగానే అన్నాడు, రేపు చెత్తబండి వస్తుంది డబ్బా బయట పెట్టు అన్నట్టుగా. నేను వంటింటి నేల తుడుస్తున్నాను. బకెట్లో నిమ్మవాసన మందు కావాలనే ఎక్కువ పోశాను. తుడుపుకర్రని రెండు చేతులా గట్టిగా పట్టుకున్నాను, అది లేకపోతే నిలబడలేను కాబట్టి. అతను ఫ్రిజ్ దగ్గరికి వచ్చి, తడి మీద కాలు పడకుండా పెద్ద అంగ వేసి, బీరు తీసుకుని, మళ్ళీ అంతే జాగ్రత్తగా వెనక్కి దాటాడు. తుడిచిన నేల మీద అడుగులు పడితే ఆడవాళ్ళకి ఎంత చిరాకో తనకి తెలుసని నలుగురిలో చెప్పుకునే మనిషి.

నేను తుడుస్తున్నది నా ఉచ్చ.

గుమ్మడికాయ కోస్తూ చెప్పాను, అంతే. పై నెలలో రెండు రోజులు బ్రిస్బేన్ వెళ్ళాలి, మా ప్రాజెక్టు గురించి ప్రభుత్వం వాళ్ళ ముందు నేనే మాట్లాడాలి అన్నాను. మా అమ్మాయి ఎల్సీని నెట్‌బాల్ ఆటకి ఎవరు దింపుతారని అడిగాడు. నువ్వు అన్నాను. శనివారం నా టీము పిల్లలకి శాండ్‌విచ్‌లు ఎవరు చేస్తారని అడిగాడు. నువ్వే చెయ్యి, రొట్టెకి వెన్న రాయడానికి డిగ్రీ అక్కర్లేదు అన్నాను. నవ్వుతూనే అన్నాను. అతను ఫోను బల్ల మీద బోర్లా పెట్టి లేచి వచ్చాడు.

అరవలేదు. తిట్టలేదు. నన్ను ఫ్రిజ్ తలుపుకి అదిమి, రెండు చేతులూ నా మెడ చుట్టూ వేసి, బొటనవేళ్ళు గొంతు మీద పెట్టి నొక్కాడు. నొక్కుతున్నంతసేపూ నా కళ్ళలోకే చూశాడు. నేను అతని మణికట్లు గీరాను. తన్నబోతే కాలు లేవలేదు. ఫాను చప్పుడు ఎక్కడికో దూరంగా వెళ్ళిపోయింది. వంటగది అంచుల నుంచి లోపలికి నల్లబడుతూ వచ్చి, చివరికి అతని నుదుటి మీది చెమటబొట్టు ఒక్కటే మిగిలింది. తర్వాత చూస్తే నేల మీద ఉన్నాను. గుమ్మడి ముక్కలు నా చుట్టూ పడి ఉన్నాయి. స్కర్టు తడిసి తొడలకి అంటుకుని ఉంది. గిన్నెలు తుడిచే గుడ్డ తెచ్చి నా ఒళ్ళో పడేశాడు.

"ఛీ. ఎల్సీ కూడా ఇలా చెయ్యదు. తుడుచుకో."

నేను తుడుచుకున్నాను. ఇప్పటికీ నాకు అర్థంకాని విషయం అదే. ప్రాణం పోయి వచ్చిన మనిషి మొదట చేసిన పని నేల శుభ్రం చెయ్యడం.

"నీ మీద ఎప్పుడన్నా చెయ్యెత్తానా, చెప్పు?" అని గార్త్ చాలాసార్లు అడిగేవాడు. మా పెళ్ళయ్యాక ఒక్కసారీ ఎత్తలేదు, అది నిజమే. కారు తలుపు నా వేళ్ళ మీద పడినప్పుడు చెయ్యెత్తలేదు, తలుపు వేశాడు. ఇంగమ్ రోడ్డు మీద చెరకు తోటల మధ్య నన్ను దింపేసి పోయినప్పుడు చెయ్యెత్తలేదు, కారు ఆపాడు. మణికట్టు మెలితిప్పినప్పుడు నా చేతిలోంచి తాళాలు తీసుకుంటున్నాడు. అతను ఉత్తర ఆస్ట్రేలియాలోని ఈ టౌన్స్‌విల్‌లో ఒక హైస్కూలికి డిప్యూటీ ప్రిన్సిపాల్, రగ్బీలాంటి ఫుటీ ఆటకి కోచ్. అతని చేతి కింద ఆడిన కుర్రాళ్ళు పెద్దవాళ్ళయి పిల్లల్ని కన్నాక కూడా సూపర్‌మార్కెట్‌లో ఆగి "కోచ్" అని చెయ్యి కలుపుతారు. వాళ్ళ పక్కన నిలబడి నేను బండిలో సామాన్లు సర్దుకుంటూ ఉంటాను. అలాంటి మనిషి ఇంట్లో జరిగేదాన్ని ఏమంటారో నాకు తెలియదు. నా ఉద్యోగమే పేర్లు వెతకడం, అయినా తెలియదు.

ఆ సాయంత్రం ఎల్సీ వచ్చేసరికి నేల ఆరిపోయింది. నాకు మాట రావడం లేదు. "మీ అమ్మకి జలుబు చేసిందిరా, మాట్లాడించకు," అని గార్త్ చెప్పి, తనే సాసేజ్‌లు కాల్చి పెట్టాడు. నాన్న వండాడని ఎల్సీ మురిసిపోయింది. నేను ఒక ముక్క నోట్లో పెట్టుకుని మింగలేక పేపరు రుమాల్లోకి ఉమ్మేశాను.

మర్నాడు పొద్దున్నే మా అత్తగారు గ్లెనిస్ ఉడికించిన మాంసం పెద్ద ముక్క పళ్ళెంలో పెట్టి, మూత వేసి తెచ్చింది. భర్త పోయాక మా వీధి చివరే ఉంటోంది. అంత ఉక్కపోతలో మెడ చుట్టూ స్కార్ఫ్ కట్టుకున్న నన్ను ఒకసారి చూసి, చూపు తిప్పుకుని, సింకులో ఉన్న కప్పులు కడగడం మొదలుపెట్టింది. కడుగుతూనే చెప్పింది: స్కూళ్ళు తెరిచిన కొత్తలో మగాడికి ఒత్తిడి ఎక్కువ, ఇంటికొచ్చిన వెంటనే కొత్త సంగతులు చెప్పకూడదు, కడుపులో ఏదన్నా పడ్డాక చెప్పాలి. బ్రిస్బేన్ ఎందుకమ్మాయ్, ఇక్కడ ఫోన్లో మాట్లాడితే సరిపోదా అంది. బ్రిస్బేన్ సంగతి ఆమెకి నేను చెప్పలేదు. అంటే తెల్లారేలోపే కొడుకు ఫోను చేసి చెప్పాడు. ఏ మేరకు చెప్పాడో, ఆమె ఏ మేరకు అడిగిందో నాకు తెలియదు. మా ఇంట్లో ఎవరూ పూర్తిగా అడగరు.

మా ఆఫీసు ఒక అద్దె భవనంలో పై అంతస్తు. కంప్యూటర్‌కి మనుషుల భాష చదవడం నేర్పించడం మా పని. అంబులెన్సు వాళ్ళూ, ఎమర్జెన్సీ వార్డు వాళ్ళూ హడావుడిగా కొట్టిన నోట్సు, పేర్లూ ఊర్లూ తీసేసి, మాకు కొండంత ఇచ్చారు. అందులోంచి ఆ వృత్తికే చెందిన పారిభాషిక పదాలని మా ప్రోగ్రాం ఏరి ఇవ్వాలి. ఇకమీదట రాష్ట్రమంతా గాయాలకి అవే పేర్లు. పేరున్న గాయాన్నే లెక్కపెడతారు, లెక్కలోకి వచ్చినదానికే శిక్షణ ఇస్తారు, డబ్బు కేటాయిస్తారు, కేసు పెడతారు. ప్రోగ్రాం చేసే పని చెప్పడానికి తేలికే. ఒక మాట మామూలు వార్తాపత్రికల్లో కంటే ఈ నోట్సులో బాగా ఎక్కువసార్లు కనబడితే దాన్ని పట్టుకుంటుంది. అవీ నామవాచకాలనే: మణికట్టు ఫ్రాక్చర్, పక్కటెముక పగులు, తలకి లోపలి గాయం. అరుదుగా కనబడినవాటినీ, క్రియలనీ చెత్తలో పడేస్తుంది. ఆ చెత్తలో పనికొచ్చేదేమన్నా మిగిలిపోయిందా అని ఒకరు కూర్చుని చదవాలి. మా బృందానికి పెద్ద, కాలమ్ అనే అతను, నాకంటే చిన్నవాడు. "ఇంత ఓపిక ఆడవాళ్ళకే ఉంటుంది," అని నవ్వి ఆ పని నాకిచ్చాడు. మీటింగుల్లో ఎవరేమన్నారో మినిట్స్ రాయడమూ, పుట్టినరోజులకి కేకు తేవడమూ కూడా అలాగే నాకొచ్చాయి. ప్రోగ్రాం సగం రాసింది నేను. ఆ సంగతి నాకూ, ప్రోగ్రాంకీ తెలుసు.

ఆ రోజు గొంతు మండుతుంటే చల్లటి టీ కొంచెం కొంచెంగా మింగుతూ ఆ చెత్త చదువుతున్నాను.

'బాయ్‌ఫ్రెండ్ మెడ పట్టుకున్నాడట.' 'గోడకి అదిమి గొంతు మీద మోచెయ్యి పెట్టాడు. పాప అక్కడే ఉంది.' 'మెడకి టవల్ చుట్టి లాగాడు.' 'కాలితో మెడ తొక్కాడు, కొంతసేపు ఏమీ వినబడలేదంటోంది.' 'ఊపిరాడక కళ్ళు బైర్లు కమ్మాయట. గాయాలేమీ లేవు. ఇంటికి పంపించాం.' ఆ వార్డుకే మూడు రోజుల తర్వాత అదే వయసు ఆడమనిషిని తెచ్చారు. అప్పుడామె ఏమీ చెప్పలేదు. చెప్పగలిగే స్థితిలో తీసుకురాలేదు.

ఒక్కొక్క అంబులెన్సు మనిషీ తన నోటికొచ్చినట్టు రాశాడు. పట్టుకున్నాడు, నొక్కాడు, అదిమాడు, బిగించాడు, నులిమాడు. ఒక్కొక్క మాటా విడిగా చూస్తే కొంచెమే. పైగా అన్నీ క్రియలే. ఆ ఆడవాళ్ళందరి నోట్సులోంచీ మా ప్రోగ్రాం జాగ్రత్తగా ఏరి పైన పెట్టిన పదం ఒక్కటే: మెడ నొప్పి.

తర్వాత ఇంకో వాక్యం వచ్చింది. 'భర్త గొంతు నొక్కాడు. ఉచ్చపోసుకుంది. చాలా సిగ్గుపడుతోంది.'

నేను టీ కప్పు కింద పెట్టాను. కుర్చీలోంచి లేచి, ఎక్కడికి వెళ్ళాలో తెలియక మళ్ళీ కూర్చున్నాను. ఎవరో ఆమె. ఏ ఊరో. ఏ వంటింట్లోనో ఆమె కూడా నేల తుడిచే ఉంటుంది. ఇన్నాళ్ళూ గార్త్ నాకు చేసినవన్నీ మా ఇద్దరి మధ్యే ఉన్న ఏదో వంకర అనుకున్నాను, నా నోటి దురుసు, అతని కోపం, మా ఇంటి గొడవ. ఈ నోట్సు చదువుతుంటే ఇది ఇంటి గొడవలా లేదు. అందరు మగాళ్ళూ ఒకే బడిలో నేర్చుకున్నట్టుంది. ఆడవాళ్ళకే ఒకరి సంగతి ఒకరికి తెలియదు.

ఆ వారమంతా పని చేశాను. క్రియల్ని కూడా తీసుకోమని ప్రోగ్రాంకి చెప్పాను. ఏ మాట పక్కన ఏ మాటలు వస్తున్నాయో చూసి, ఒకేలాంటి వాటి మధ్య కూర్చునే మాటలన్నిటినీ ఒకచోట చేర్చమన్నాను. మెడ, గొంతు, ఊపిరి, చీకటి, బొంగురు, మింగలేకపోవడం. అవన్నీ కలిసి ఒకే అర్థం చుట్టూ ముడిపడ్డాయి. గొంతు నులమడం. అలా కలిపాక అది చెత్తలోంచి లేచి పట్టికలో పైపైకి వెళ్ళి, మణికట్టు ఫ్రాక్చర్‌ని దాటి నిలబడింది.

మీటింగులో చూపించాను. గొంతు ఇంకా సరిగ్గా లేదు, గుసగుసలా వస్తోంది. కాలమ్ మర్యాదగానే విన్నాడు. "ఇవి పదాలు కావు, రొవీనా, కథలు," అన్నాడు. ఒప్పందంలో నామవాచకాలని ఉంది, క్రియలు కలిపితే లెక్కంతా మళ్ళీ చెయ్యాలి, గడువు దగ్గరపడింది. పోలీసు శాఖ తరఫున వచ్చినాయన, మెడ పట్టుకోవడం తోపులాట కిందకి వస్తుందన్నాడు. నేను నా కాగితంలోంచి ఆ వాక్యం చదివాను, ఉచ్చపోసుకుందన్నది. ఎవరో కిసుక్కుమన్నారు. కాలమ్ కూడా కిందకి చూసి నవ్వు ఆపుకున్నాడు.

ఆసుపత్రి వైపు నుంచి డాక్టర్ థెల్మా వస్తుంది మా మీటింగులకి. ఉత్తరాన థర్స్‌డే ఐలండ్ అనే దీవి ఆమెది, ఎమర్జెన్సీలో ఏళ్ళ తరబడి పనిచేసిన మనిషి, తక్కువ మాట్లాడుతుంది. ఆమె కళ్ళద్దాలు తీసి బల్ల మీద పెట్టింది.

"అది భయంతో జరిగేది కాదు," అంది. "మెదడుకి రక్తం అందకపోతే శరీరం పట్టు వదిలేస్తుంది. దాని తర్వాత మిగిలేది చావే. నా దగ్గరికొచ్చే ఆడవాళ్ళు అన్నీ చెప్తారు, ఇదొక్కటి చెప్పరు. సిగ్గంట. చంపబోయినవాడికి లేదు సిగ్గు."

మినిట్స్ రాయాల్సింది నేనే కనుక రాశాను. దాని తర్వాత మిగిలేది చావే అని రాశాను. గార్త్ నా గొంతు నొక్కిన సాయంత్రం ఎల్సీ నెట్‌బాల్ నుంచి వచ్చేసరికి వంటింట్లో ఏం ఉండి ఉండేదో మొదటిసారి కళ్ళకి కట్టింది. తడి నేల కాదు. నేను.

మీటింగు అయ్యాక థెల్మా నా పక్కన నడుస్తూ, గొంతు ఎన్నాళ్ళ నుంచి ఇలా ఉందని అడిగింది. జలుబన్నాను. "జలుబుకి గొంతు పోతుంది," అంది. "నీళ్ళు మింగడానికి మెడ పక్కకి వంచక్కర్లేదు." ఆగలేదు, నన్ను ఆపలేదు. తన నంబరు నా దగ్గర ఉంది కదా అని మాత్రం అడిగింది. ఉందన్నాను. తర్వాత, గొంతు నొక్కినప్పుడు కింది కనురెప్ప లోపల సన్నటి ఎర్రచుక్కలు వస్తాయి, అద్దంలో చూసుకోవచ్చు అని, వాన పడేలా ఉందే అన్నంత మామూలుగా చెప్పి మెట్లు దిగిపోయింది.

కాలమ్ నా సీటు దగ్గరికి వచ్చాడు. డాక్టరు పట్టుబడుతోంది కనుక ఆ క్రియల సంగతి కలుపుదాంలే అన్నాడు. "నీ గొంతు బాలేదు కదా, బ్రిస్బేన్ నేను వెళ్తాలే. ఇంట్లో కూడా నీకు ఇబ్బంది ఉండదు." ఇంటికెళ్ళి చెప్తే గార్త్ ఎంతో సంతోషించాడు. మర్నాడు పూలు తెచ్చాడు. నా గొంతు నొక్కింది ఒకడు, ఆ గొంతు బాలేదని నా మాట తీసుకుంది ఇంకొకడు. ఇద్దరూ నా మంచికోరే చేశామన్నారు.

ఆదివారం మధ్యాహ్నం. ఎల్సీ స్నేహితురాలింటికి ఈతకి వెళ్ళింది. పెరట్లో గ్లెనిస్ మా బట్టలు ఆరేస్తోంది. నేను బట్టలుతికే గదిలో గార్త్ చొక్కాలు ఇస్త్రీ చేస్తున్నాను. అతను తలుపుకి ఆనుకుని, టీము వాళ్ళని వచ్చే వారం భోజనానికి పిలుస్తున్నానని, ఏమేం చెయ్యాలో చెప్తున్నాడు. పావ్‌లోవా కేకు చెయ్యి, పోయినసారి మధ్యలో కూలింది, ఈసారి సరిగ్గా చెయ్యి అన్నాడు. నేను చొక్కా కాలరు తిప్పి వేసుకున్నాను. ఏమీ అనుకోకుండానే నోట్లోంచి మాట వచ్చింది.

"నాకు జలుబు చెయ్యలేదని ఎల్సీకి చెప్తాను, గార్త్."

"ఏం చెప్తావ్?"

"ఏం జరిగిందో అదే."

ఈసారి వెనక నుంచి వచ్చాడు. మోచేతి వంపులో నా మెడ ఇరికించి పైకి లేపాడు. నా కాళ్ళు నేల మీంచి లేచాయి. చెవి పక్కనే అతని ఊపిరి, బీరు వాసన, నెమ్మదిగా, ఓపిగ్గా, పిల్లాడికి లెక్క నేర్పిస్తున్నట్టు: "నా కూతురికి నా గురించి ఒక్క మాట చెప్పు, చూద్దాం." మొదటిసారికీ ఈసారికీ తేడా ఉంది. ఈసారి నాకు తెలుసు. శబ్దం దూరమవుతుంటే తెలుసు, అంచులు నల్లబడుతుంటే తెలుసు, దీని తర్వాత ఏముందో తెలుసు. ఎదురుగా కిటికీ. కిటికీ అవతల తీగ మీద ఎల్సీ స్కూలు గౌను. నా కుడిచెయ్యి ఇంకా ఇస్త్రీపెట్టె పిడి మీదే ఉంది.

దాన్ని ఎత్తి అతని ముంజేతి మీద పెట్టాను. పెట్టి నొక్కాను. వెంట్రుకలు కాలిన వాసన, తర్వాత చర్మం వాసన వచ్చాయి. అతను మొదట వదల్లేదు. నేనూ తియ్యలేదు. ఆ కొన్ని క్షణాలు మేమిద్దరం ఒకరినొకరం చంపుకుంటున్నాం, ఎవరు ముందు వదిలితే వాళ్ళు ఓడినట్టు. అతను వదిలాడు. నేను మోకాళ్ళ మీద పడి, నేల మీద నుంచి గాలి తాగాను. దగ్గుతుంటే నోట్లోంచి రక్తపు జీర పడింది. అతను ఇంకో చేత్తో నా జుట్టు పట్టి తలని వాషింగ్ మెషీన్‌కేసి కొట్టాడు, ఒకసారి, ఇంకోసారి. చెయ్యెత్తలేదనే మాట ఆ రోజుతో పోయింది. మూడోసారికి ఇస్త్రీపెట్టె వైరు నా చేతికి తగిలింది. లాగాను. పెట్టె అతని పాదం మీద పడింది. అతను కేకపెట్టి పెరట్లోకి పరిగెత్తాడు, కొళాయి కింద చెయ్యి పెట్టడానికి. నేను తలుపు గడియ వేసుకున్నాను.

పోలీసులకి ఫోను చేసింది గార్తే. "నా భార్యకి పిచ్చెక్కింది, ఇస్త్రీపెట్టెతో నన్ను కాల్చేసింది," అని చెప్పడం తలుపు వెనక నుంచి విన్నాను.

ఇద్దరు వచ్చారు. ఒకామె పెరట్లో గ్లెనిస్ దగ్గర ఉండిపోయింది. నా దగ్గరికి వచ్చిన కుర్రాడి పేరు బ్రోడీ. లోపలికి వస్తూ అతను గార్త్‌ని "కోచ్" అన్నాడు. ఒకప్పుడు మా ఆయన టీములో ఆడాడు, నేను చేసిన శాండ్‌విచ్‌లు తిన్నాడు. గార్త్ చెయ్యి ఎర్రగా పొంగి, పెట్టె కొస ఆకారం అచ్చుగుద్దినట్టు కనిపిస్తోంది. నా మెడ మీద పెద్దగా ఏమీ లేదు. తల మీద బొప్పి జుట్టులో దాగి ఉంది. మా అత్తగారు బట్టలు ఆరేస్తున్నాననీ, ఏమీ చూడలేదనీ, కొడుకు కాలిన చేత్తో బయటికి రావడం మాత్రం చూశాననీ చెప్పింది. గార్త్ తడిగుడ్డ చుట్టుకుని సోఫాలో కూర్చుని, ఈమధ్య ఆమెకి పని ఒత్తిడి, ఆమెనేమీ అనకండి అని నా తరఫున వాళ్ళని బతిమాలుతున్నాడు.

బ్రోడీ రాసుకున్నది చదివి వినిపించాడు. ఇద్దరి మధ్య మాటామాటా పెరిగింది. భర్తకి కాలిన గాయాలు. పెనుగులాటలో తన మెడకి ఒత్తిడి తగిలిందని భార్య అంటోంది.

నేను విన్నాను. పేర్లు తీసేసి మా ప్రోగ్రాంకి పెడితే ఇందులోంచి ఏం వస్తుందో నాకు తెలుసు. కాలిన గాయం వస్తుంది. మెడ నొప్పి వస్తుంది. చేసినవాడు రాడు.

"అలా రాయకు," అన్నాను. నా గొంతు గరగరలాడుతోంది, అయినా సోఫా దాకా వినబడేంత గట్టిగానే అన్నాను. "ఒత్తిడి తగల్లేదు. పెరగలేదు, జరగలేదు. నేను చెప్పినట్టు రాయి. నా భర్త గార్త్ తన చేత్తో నా గొంతు నులిమాడు. పోయిన వారం రెండు చేతులతో నులిమాడు, అప్పుడు నాకు స్పృహ పోయింది, బట్టల్లో ఉచ్చపోసుకున్నాను. ఇవాళ చంపేస్తాడనిపించి నేను అతన్ని కాల్చాను. అది కూడా రాయి, నేను కాల్చానని రాయి. అంబులెన్సు పిలిచి నా కనురెప్పల లోపల చూడమను."

బ్రోడీ కలం ఆగిపోయింది. కోచ్ వైపు చూశాడు. గార్త్ నవ్వి, "చూశావా, ఎలా మాట్లాడుతోందో," అన్నాడు. ఆ కుర్రాడు రాసినదాని మీద అడ్డంగా గీత కొట్టి, "మళ్ళీ చెప్పండి, మేడమ్, నెమ్మదిగా," అన్నాడు.

ఆసుపత్రిలో థెల్మా నా కనురెప్పలు కిందికి లాగి చూసింది. మాట్లాడకుండా తన సహాయకురాలిని పిలిచి ఫోటోలు తీయించింది. గొంతు లోపల వాపు చూసింది. ఆమె రాస్తున్నప్పుడు నేను తెర మీద చూస్తూ ఉన్నాను. గాయం పేరు రాసే గడిలో ఆ రెండు మాటలే రాసింది, గొంతు నులమడం, కింద ఎవరు చేశారో రాసింది. అప్పుడు ఏడుపొచ్చింది నాకు. ఇంట్లో రాలేదు, పోలీసుల ముందు రాలేదు, అక్కడ వచ్చింది.

తేలిగ్గా ఏమీ అవలేదు. కాల్చినందుకు నా మీదా కేసు పెట్టారు, థెల్మా రిపోర్టు వచ్చాక తీసేశారు. సూపర్‌మార్కెట్‌లో జనం నన్ను చూసి పక్క వరసలోకి తిరిగారు. గార్త్ మంచివాడని చాలామంది తల్లిదండ్రులు కోర్టుకి రాశారు. అతను ఆఖరిదాకా కాదన్నాడు. విచారణ మొదలయ్యే రోజు లాయరు ఏం చెప్పాడో గాని నేరం ఒప్పుకున్నాడు, జైలుకి వెళ్ళాడు. బ్రిస్బేన్‌లో కాలమ్ ప్రసంగం బాగా జరిగిందట. క్రియల సంగతి 'మా బృందం గమనించింది' అన్నాడట. నేను వెళ్ళి నా పేరు వెయ్యమని అడిగాను. సవరించిన కాపీలో వేశాడు, చివర్లో. మినిట్స్ మాత్రం అప్పటి నుంచి నేను రాయడం లేదు.

ఎల్సీకి మాత్రం చెప్పలేకపోయాను. నాన్న ఎందుకు లేడని అడిగినప్పుడల్లా గొడవైంది అనేదాన్ని. మీ నాన్నకి చెయ్యి కాలింది, నాకు తలకి దెబ్బ తగిలింది, అలా అయిపోయింది అనేదాన్ని. తొమ్మిదేళ్ళ పిల్ల. నేను తీసుకున్న చిన్న ఫ్లాట్‌లో అది నా పక్కనే పడుకుని నా మెడ వైపు చూసేది, అడిగేది కాదు.

తీర్పు వచ్చిన కొన్నాళ్ళకి ఒక ఆదివారం గ్లెనిస్ వచ్చింది. మనవరాలిని చూసిపోతానంది. ఆమెని లోపలికి రానివ్వాలని నాకు లేదు. ఎల్సీ కింద ఆవరణలో బంతి ఆడుకుంటోంది కనుక, దాని ముందు రభస ఎందుకని కుర్చీ చూపించాను. ఆమె చేతిసంచీ ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. టీ ఇస్తే తాగలేదు.

"పోలీసులకి నేను చెప్పింది అబద్ధం, అమ్మాయ్," అంది. "కిటికీలోంచి కనబడింది. చేతిలో ఎల్సీ గౌను ఉంది. క్లిప్పు పెడుతూనే ఉన్నాను."

నేను తెలుసన్నాను.

"కోర్టులో డాక్టరు రాసింది చదివారు కదా. ఉచ్చ గురించి." ఆమె గొంతు తగ్గించింది, మేమిద్దరం తప్ప ఎవరూ లేకపోయినా. "అప్పటిదాకా అది నాకొక్కదానికే జరిగిందనుకున్నాను. ఇంత వయసొచ్చి, అంత మంది ముందు కూర్చుని విన్నాను, నీకూ అదే జరిగిందని. గార్త్ వాళ్ళ నాన్న బావుండేవాడు బయట. ఒకసారి గార్త్ తలుపు దగ్గర నిలబడి చూశాడు. ఏడేళ్ళుంటాయి వాడికి. ఆయన వెళ్ళిపోయాక వచ్చి అడిగాడు, అమ్మా నాన్న నిన్నేం చేశాడని."

కింద బంతి గోడకి తగిలిన చప్పుడు వినిపిస్తోంది.

"ఏం లేదురా, ఆడుకుంటున్నాం అన్నాను. వాడు నవ్వాడు."

ఆమె ఏడవలేదు. సంచీ పిడిని మెలితిప్పుతూ ఉంది, అంతే. నేను ఆమెని దగ్గరికి తీసుకోలేదు, క్షమించానని చెప్పలేదు. లేచి బాల్కనీలోకి వెళ్ళాను. ఎల్సీ తలెత్తి చూసింది, ఎండకి కళ్ళు చిట్లించి. పైకి రమ్మన్నాను. బంతి చంకలో పెట్టుకుని మెట్లెక్కి వచ్చి, ముందు వాళ్ళ నాన్నమ్మ మొహమూ, తర్వాత నా మొహమూ చూసింది.

నేను నేల మీద దాని ఎదురుగా కూర్చున్నాను, కళ్ళు ఒకే ఎత్తులో ఉండేలా.

"ఎల్సీ, మీ నాన్న నా గొంతు నులిమాడు," అన్నాను. "నీకు ఏమేం అడగాలనుందో అన్నీ అడుగు."